లెక్క తప్పిందా, చూపు తప్పిందా?



మనస్సాక్షి అనే మాటను మనం ఒక న్యాయాధికారిని తలచుకున్నట్టుగా వాడుతూ ఉంటాం. లోపల ఎక్కడో కూర్చుని, చేసినది తప్పో ఒప్పో తేల్చి చెప్పేవాడన్న భావన. అయితే ఎంతటి న్యాయాధికారి అయినా తీర్పు చెప్పాలంటే ముందుగా ఆయన ఎదుటికి వ్యాజ్యం రావాలి గదా! "ఇక్కడొక ధర్మసంకటం ఉంది, ఈ పని వల్ల ఫలానావారు నష్టపోతారు" అని గుర్తించి ఆ వ్యాజ్యాన్ని లోపలికి చేరవేసే శక్తి వేరే ఉంది. దానిని ఈ వ్యాసంలో నైతిక సంవేదన అంటాను.

మిన్నెసోటా విశ్వవిద్యాలయంలో పనిచేసిన జేమ్స్ రెస్ట్ అనే మనస్తత్వశాస్త్రవేత్త 1980లలో నైతిక ప్రవర్తనను నాలుగు అంగాలుగా విడదీసి చూపాడు. ఎదుట ఉన్నది ధర్మానికి సంబంధించిన విషయమని గుర్తించడం మొదటిది. ఏది న్యాయమో నిర్ణయించుకోవడం రెండవది. తక్కిన ప్రయోజనాలన్నిటి కంటె ఆ న్యాయానికే పెద్దపీట వేయడం మూడవది. చివరివరకు నిలబడి ఆచరించడం నాలుగవది. వీటిలో ఏ ఒక్కటి లోపించినా పని చెడుతుందని ఆయన సిద్ధాంతం. చదివేటప్పుడు ఇది కొంత పొడిగా తోచవచ్చు. మన ఇంటి పక్కనే జరిగిన ఒక ఉదంతానికి అన్వయించి చూసినప్పుడు దీని బరువు తెలుస్తుంది.

నేనుండేది హైదరాబాదులోని మూసాపేటలో. సనత్‌నగర్, బాలానగర్ పారిశ్రామికవాడలకు చేరువలో ఉన్న పేట ఇది. 1998 నవంబరులో మాదాపూర్‌లో సైబర్ టవర్స్ ప్రారంభమైన తరువాత, కంప్యూటరు ఉద్యోగాలకు వచ్చిన కుర్రకారు అద్దె ఇళ్ళు వెతుక్కునే పేటలలో ఒకటిగా మారింది. పక్కనున్న భరత్ నగర్‌లో లోకల్ రైలెక్కితే బోరబండ దాటగానే హైటెక్ సిటీ. ఇక్కడి ఇంటి అద్దెలు, కిరాణా ఖాతాలు, ఊళ్ళో తల్లిదండ్రులకు పంపే డబ్బు అన్నీ ఆ రైలు దారి చివరనున్న కంపెనీల జీతాలతో ముడిపడి ఉంటాయి. అందుకే సత్యం కంప్యూటర్స్ పతనాన్ని నేను స్టాక్ మార్కెట్టు కథగా ఎన్నడూ చదువుకోలేకపోయాను.

ఆ కథలోని ముఖ్య ఘట్టాలను ఒకమారు గుర్తు చేసుకుందాం. బైర్రాజు రామలింగరాజు 1987లో హైదరాబాదులో స్థాపించిన ఈ సంస్థ 2001 నాటికి న్యూయార్క్ స్టాక్ ఎక్స్ఛేంజిలో నమోదయింది. 2008 చివరికి అందులో సుమారు 53,000 మంది ఉద్యోగులున్నారు. ఆ ఏడు సెప్టెంబరులోనే కార్పొరేటు పాలనలో శ్రేష్ఠతకు గాను గోల్డెన్ పీకాక్ బహుమతి పొందింది. (తరువాత దానిని వెనక్కి తీసుకున్నారు.) 2008 డిసెంబరు 16న సత్యం బోర్డు ఒక తీర్మానం చేసింది. రాజు కుటుంబానికి చెందిన మేటాస్ ప్రాపర్టీస్, మేటాస్ ఇన్‌ఫ్రా అనే రెండు సంస్థలను సుమారు 160 కోట్ల డాలర్లకు కొనాలన్నది దాని సారాంశం. సత్యం అన్న పేరును ఇంగ్లీషు అక్షరాలలో వెనుక నుంచి చదివితే వచ్చేదే మేటాస్. మదుపుదారులు భగ్గుమనడంతో కొద్ది గంటలలోనే ఆ తీర్మానాన్ని ఉపసంహరించుకున్నారు.

మూడు వారాల తరువాత, 2009 జనవరి 7న, రాజు తన బోర్డుకు లేఖ రాశాడు. పుస్తకాలలో చూపిన 5,361 కోట్ల రూపాయల నగదు, బ్యాంకు నిల్వలలో 5,040 కోట్లు అసలు లేనేలేవన్నాడు. అంతకు ముందు సెప్టెంబరుతో ముగిసిన త్రైమాసికానికి 649 కోట్ల నిర్వహణ లాభం చూపించారు. నిజంగా వచ్చినది 61 కోట్లు. అసలు లాభానికీ చూపిన లాభానికీ మధ్య మొదట స్వల్పంగా ఉన్న తేడా ఏళ్ళ తరబడి పెరిగి చేయి దాటిపోయిందని, లేని ఆస్తుల స్థానంలో ఉన్న ఆస్తులను నింపడానికి మేటాస్ కొనుగోలు తన చివరి ప్రయత్నమని రాశాడు. పులి మీద సవారీ చేస్తూ, దానికి ఆహారం కాకుండా ఎలా దిగాలో తెలియని స్థితిగా తన అవస్థను వర్ణించుకున్నాడు. ఆ ఒక్క రోజే షేరు విలువ ముప్పాతిక వంతుకు పైగా హరించుకుపోయింది.

ఇంతవరకూ అందరూ ఎరిగినదే. నన్ను వేధించే ప్రశ్న వేరు. డిసెంబరు 16 నాటి బోర్డులో ఎవరున్నారు? హార్వర్డ్ బిజినెస్ స్కూలు ఆచార్యుడు, మన గచ్చిబౌలిలోని ఐఎస్‌బీ డీన్, ఐఐటీ డైరెక్టరుగా పనిచేసినవారు, భారత ప్రభుత్వ క్యాబినెట్ కార్యదర్శిగా పనిచేసినవారు, పెంటియం చిప్‌తో లోకప్రసిద్ధుడైన ఇంజనీరు. విద్యలోగాని అనుభవంలోగాని వీరికి వంక పెట్టగలవారెవరు? పుస్తకాలలో దాగిన మోసం వారికి తెలుసునని నేననడం లేదు. అయితే ఒక సంస్థ సొమ్ముతో ఆ సంస్థ అధిపతి కుటుంబానికి చెందిన సంస్థలను కొనడమన్నది వారి కళ్ళెదుట బల్ల మీద ఉన్న విషయం. ప్రశ్నలు రాలేదా అంటే వచ్చాయి. భూముల విలువ కట్టడం గురించి, సాఫ్టువేరు కంపెనీకి స్థిరాస్తి వ్యాపారం పొసగుతుందా అన్న విషయం గురించి చర్చ జరిగింది. చివరకు తీర్మానం ఏకగ్రీవమయింది.

రెస్ట్ చెప్పిన మొదటి అంగం ఇక్కడే జ్ఞాపకానికి వస్తుంది. విలువ ఎంత, పద్ధతి సక్రమమేనా, చట్టం ఒప్పుకుంటుందా అన్నవి మంచి ప్రశ్నలే. కాని వాటన్నిటికీ జవాబు దొరికిన తరువాత కూడా "ఈ సొమ్మెవరిది? వారిక్కడ ఉంటే ఏమనేవారు?" అన్న ప్రశ్న మిగిలి ఉంటుంది. అప్పటికి రాజు కుటుంబం చేతిలో ఉన్న వాటా నూటికి తొమ్మిది వంతులైనా లేదు. తక్కిన తొంభై పైచిలుకు వంతులవారు ఆ గదిలో లేరు. వారి తరఫున మాట్లాడడానికే స్వతంత్ర డైరెక్టర్లన్న పదవి ఏర్పడింది. ధర్మప్రశ్న విలువ కట్టే ప్రశ్నగా వేషం మార్చుకుని వచ్చినప్పుడు, ఆ వేషాన్ని చూసి మోసపోవడం పండితులకే సులభం కాబోలు! ఎందుకంటే విలువ కట్టడంలో వారికి గొప్ప నేర్పు ఉంటుంది.

ఆ డైరెక్టర్లలో ఒకరి సంగతి ప్రత్యేకంగా చెప్పుకోవాలి. 1991 నుంచి బోర్డులో ఉన్న మంగళం శ్రీనివాసన్ ఆ డిసెంబరులోనే, అందరి కంటె ముందుగా రాజీనామా చేశారు. కొనుగోలు విషయంలో తనకు అభ్యంతరాలు ఉన్నాయని, వాటిని చర్చలో లేవనెత్తానని, అయినా వ్యతిరేకంగా ఓటు వేయలేదని, అందుకు నైతిక బాధ్యత వహిస్తున్నానని ఆమె రాజీనామా లేఖలోని తాత్పర్యం. ఆమెను తప్పుపట్టడానికి దీనిని ఉదాహరించడం లేదు. తన లోపలి తడబాటును అంత స్పష్టంగా కాగితం మీద పెట్టినవారు ఆ ఉదంతంలో అరుదు. నైతిక సంవేదన కలిగినా, అది చేయెత్తేదాకా రాకపోతే తీర్మానం పుస్తకంలో ఏకగ్రీవమనే నమోదవుతుందని ఆ లేఖ చూపుతుంది. మొదటి అంగానికీ నాలుగవ అంగానికీ నడుమ ఉన్న దూరం అదే.

మనవారికి ఈ సన్నివేశం కొత్తది కాదు. నన్నయ తెనిగించిన సభాపర్వంలో ద్రౌపది నిండు సభను అడిగినది ఒక ప్రశ్న: తన్నోడిన వాడికి నన్నొడ్డే అధికారం ఉందా? ధర్మం సూక్ష్మమని భీష్ముడు తప్పుకున్నాడు. ఆయనకు ధర్మశాస్త్రం రాకనా! సభలో ఎదుట నిలిచిన స్త్రీ దుఃఖం ఒక శాస్త్రచర్చగా మారిపోయింది. లేచి నిలిచి ఇది అధర్మమన్నవాడు ధృతరాష్ట్రుని కొడుకులలో చిన్నవాడైన వికర్ణుడు. అతని వయస్సును ఎత్తిచూపి కర్ణుడు నోరు మూయించాడు. చూసినవాడికి బలం లేదు, బలమున్నవాడు చూడలేదు. సత్యం కథలోనూ అటువంటి వాడొకడున్నాడు. 2008 డిసెంబరు 18న మారుపేరుతో ఒక ఈమెయిలు స్వతంత్ర డైరెక్టర్లలో ఒకరికి చేరింది. కంపెనీ దగ్గర ఉందంటున్న నగదు లేదని అందులోని హెచ్చరిక. చూసినవాడు పేరు దాచుకోవలసి వచ్చిందంటే ఆ సభ ఎటువంటిదో ఊహించుకోవచ్చు.

ఇక మరికాస్త కింది అంతస్తుకు దిగుదాం. 2011 ఏప్రిల్‌లో అమెరికా సెక్యూరిటీస్ కమిషను వెల్లడించిన ప్రకారం, ఆదాయాన్ని పెంచి చూపడానికి పుట్టించిన దొంగ ఇన్వాయిసులు 6,000 పైచిలుకు. దొంగ బ్యాంకు స్టేట్‌మెంట్లు వేరే. లెక్కలు తనిఖీ చేసిన ఆడిటర్ల లోపాన్ని కూడా ఆ కమిషను ఎత్తి చూపింది. ఫలానా ఖాతాలో ఎంత సొమ్ముందని ఆడిటరు నేరుగా బ్యాంకుకు రాసి, నేరుగా జవాబు తెప్పించుకోవడం ఆ వృత్తిలో ప్రాథమిక నియమం. ఇక్కడ ఆ ఉత్తరాలు పంపే పని, జవాబులు అందుకునే పని కంపెనీవారి చేతికే వదిలివేశారు. పైకి చూస్తే ఇది కార్యాలయంలో రోజూ జరిగే చిన్న సర్దుబాటు. ఉత్తరం ఎవరు పోస్టు చేస్తేనేం, అనిపిస్తుంది. ఆ ఉత్తరమే లక్షలాది మదుపుదారులకు మిగిలిన ఒకే ఒక కాపలా అని స్ఫురించడమే సంవేదన.

అది ఎందుకు స్ఫురించదు? మనుషులు చెడ్డవారు కావడం వల్లనే అనుకుంటే చాలా తేలికగా తప్పించుకున్నట్టవుతుంది. 1973లో డార్లీ, బ్యాట్సన్ అనే పరిశోధకులు ప్రకటించిన ఒక ప్రయోగం ఉంది. ప్రిన్స్‌టన్‌లో మతాచార్యులు కాదలచిన నలభై మంది విద్యార్థులను ఒక్కొక్కరినే ఒక భవనం నుంచి మరొక భవనానికి పంపారు. దారిలో ఒక మనిషి మూలుగుతూ కూలబడి ఉండే ఏర్పాటు చేశారు. తొందర లేనివారిలో నూటికి 63 మంది చొప్పున ఆగి సాయపడ్డారు. ఆలస్యమయిందని తొందరపెట్టినవారిలో ఆగినది నూటికి 10 మంది. వారిలో కొందరికి అప్పగించిన ప్రసంగ విషయం, దారిలో పడి ఉన్నవాడిని ఆదుకున్న సమరయుని కథే! చదువు, భక్తి ఉండి కూడా తొందర కళ్ళు కప్పింది. మూడు నెలలకొకసారి లాభం చూపి తీరవలసిన వ్యాపారంలో ఆ తొందర ఏనాడూ తీరదు.

తొందరతో పాటు మరొక కారణం ఉందని నాకు తోస్తుంది. అదే ఈ వ్యాసంలో నేను ముఖ్యంగా చెప్పదలచినది. 2005 ఆగస్టు 15న మన రాష్ట్రంలో 108 అంబులెన్సు సేవ మొదలయింది. దానిని నడిపిన ఈఎంఆర్ఐ సంస్థను స్థాపించినవాడు కూడా రామలింగరాజే. దారిలో నెత్తురోడుతున్న అపరిచితుణ్ణి గంటలోగా ఆసుపత్రికి చేర్చాలన్న ఆలోచన సంవేదన లేనివాడికి రాదు. దీనిని కేవలం నటన అని కొట్టివేసేవారున్నారు. నాకు ఆ వివరణ తృప్తినివ్వదు. ఆ అంబులెన్సుల వల్ల బతికినవారి ప్రాణాలు నటన కాదు. సంవేదన ఒకే మనిషిలో ఒక చోట మేలుకుని మరొక చోట నిద్రపోగలదన్న వివరణ నాకు సమంజసంగా ఉంది. క్షతగాత్రుడికి ముఖం ఉంది. విశ్రాంత ఉపాధ్యాయుడు కొనుక్కున్న యాభై షేర్లకు ముఖం లేదు. అది ఖాతాలో ఒక అంకె. అంకెను కాస్త పెంచడం ఎవరి గాయమూ కాదనిపిస్తుంది, మొదటి త్రైమాసికంలో.

తరువాతి చరిత్ర క్లుప్తంగా చెబుతాను. ప్రభుత్వం వెంటనే పాత బోర్డును తొలగించి కొత్తవారిని నియమించింది. 2009 ఏప్రిల్‌లో వేలం ద్వారా సంస్థ టెక్ మహీంద్రా వశమై, 2013లో దానిలో విలీనమయింది. ఉద్యోగులలో అత్యధికులు వీధిన పడకుండా ఆ కొత్త బోర్డు కాపాడింది. 2015 ఏప్రిల్ 9న హైదరాబాదులోని ప్రత్యేక న్యాయస్థానం రాజుతో సహా పదిమందికి ఏడేళ్ళ శిక్ష విధించింది. తరువాతి నెలలో వారు అప్పీలుపై బెయిలు పొందారు. 2013 నాటి కంపెనీల చట్టం స్వతంత్ర డైరెక్టర్ల బాధ్యతలను విశదం చేసింది, ఆడిటర్లను నిర్ణీత కాలానికి మార్చాలన్నది, తప్పును బయటపెట్టేవారికి కంపెనీలోనే ఒక మార్గం ఉండాలన్నది.

ఈ నియమాలను చిన్నచూపు చూడరాదు. వికర్ణుడి నోరు మూయించకుండా చేయగల సాధనాలివి. కాని చూపును చట్టం ప్రసాదించలేదు. నియమాల పట్టికలో గళ్ళన్నిటికీ టిక్కు పెట్టిన తరువాత కూడా, ఆ పట్టికలో లేని మనిషి ఒకడు మిగిలిపోతాడు. వాడిని తలచుకోవడం అలవాటుగా రావాలి.

ఈ పేట నుంచి రోజూ హైటెక్ సిటీకి వెళ్ళేవారి పనులలో అటువంటి అంకెలు నేడు మరీ ఎక్కువ. ఎవరికి అప్పు ఇవ్వాలో, ఎవరి బీమా దరఖాస్తు తిరస్కరించాలో నిర్ణయించే ప్రోగ్రాములు ఇక్కడే రాస్తున్నారు. రాసేవారికి అవతలి మనిషి ఒక వరుస సంఖ్య. ఆ వరుసలో మన నాన్నగారో, మన వీధి కిరాణా దుకాణదారో ఉండవచ్చునని పనిలోకి దిగేముందు ఒక్క నిమిషం ఆలోచిస్తే, ఆ నిమిషానికి ఏ త్రైమాసిక ఫలితమూ పాడయిపోదు. సత్యం పుస్తకాలలో లెక్క తప్పడానికి చాలా ముందే చూపు తప్పిందని నా నమ్మకం. లెక్కను దిద్దడానికి ఆడిటర్లున్నారు. చూపును దిద్దుకోవలసినది మనమే.