దానశాసనమును ద్విపదయు

మన గ్రంథాలయమునకు ఇరువదియైదేండ్లు నిండిన ఈ శుభసమయమున వెలువడు సంచికకు ఒక చరిత్ర వ్యాసము వ్రాయుమని కార్యవర్గమువారు నన్ను కోరిరి. నేను గ్రామలెక్కలు వ్రాసి పొట్టపోసికొనువాడను, పండితుడను గాను. పురాణములను, కావ్యములను, శాసన సంపుటములను నేను చదువుకొన్నది ఈ గ్రంథాలయపు బల్లల కడనే. కావున లెక్కలవాని కంటికి కానవచ్చిన చరిత్రనే చదువరులకు మనవి చేసికొందును.

ఒక దేశమున మతము మారినదందుము. ఏమి మారినట్లు? సిద్ధాంతము మారినదని పండితులు చెప్పుదురు. అది నిజమే. కాని లెక్కలవాడు మరి మూడు ప్రశ్నలు వేయును. భూమి ఎవరి పేర నున్నది? దాని పంట ఎవరి విస్తట్లోనికి పోవుచున్నది? ఆ మతము ఏ భాషలో మాటలాడుచున్నది? ఈ మూడింటికిని జవాబు మారిననాడే ఊరిలో మతము మారినట్లు లెక్క.

మన జిల్లాలోని బోధనునే చూడుడు. జైన గ్రంథములు వర్ణించు పోదనపురము, బాహుబలి ఏలిన నగరము, ఇదియే యని పెద్దలు చెప్పుదురు. వేములవాడ చాళుక్యుల కాలమున, అనగా పదవ శతాబ్దిలో, ఈ సీమ జైనమునకు పట్టుకొమ్మ. రెండవ అరికేసరి ఆస్థానమున కన్నడ మహాకవి పంపడు వెలసెను. ఆతని తమ్ముడు జినవల్లభుడు కరీంనగరు సీమలోని కురిక్యాల కడ బొమ్మలగుట్టపై జినబింబములు చెక్కించి, ఆ శాసనమున తెలుగు కందపద్యములను గూడ వ్రాయించెను. ఓరుగల్లు వైపున 1117లో కాకతి ప్రోలరాజు మంత్రియైన బేతన భార్య మైలమ హనుమకొండ గుట్టమీద జైన బసదిని కట్టించెను. నేడు ఆ గుట్ట పద్మాక్షి అమ్మవారి గుట్ట. గుట్టయు రాయియు అవే. మ్రొక్కు మాత్రము మారినది.

అయితే ఆ మార్పు ఒక్క దినమున వచ్చినది కాదు. మైలమ బసది కట్టించిన కాలముననే కాకతి రాజులు కాలాముఖ శైవాచార్యుడైన రామేశ్వర పండితుని గురువుగా గొలిచిరి. ఒకే కొలువులో మంత్రి ఇంట జినపూజ, రాజు ఇంట శివపూజ. 1163లో రుద్రదేవుడు హనుమకొండలో వేయిస్తంభముల గుడి కట్టించునాటికి త్రాసు శైవము వైపు మొగ్గినది. గణపతిదేవుని కాలమున గోళకీమఠపు శైవాచార్యుడు విశ్వేశ్వర శివదేశికుడు రాజగురువయ్యెను. ఈ మఠము తెలుగునాట పుట్టినది కాదు. గంగా నర్మదల నడుమనున్న డాహల మండలమునుండి వచ్చినది. అచ్చట పూర్వము సద్భావశంభువను గురువునకు కలచురి రాజు మూడు లక్షల గ్రామములను భిక్షగా నిచ్చెనని శాసనము చెప్పుచున్నది. లెక్కలు వ్రాయువానికి ఆ సంఖ్య మ్రింగుడుపడదు. అది గురుగౌరవమునకు కట్టిన లెక్క యని నేను తలంతును.

మఠమునకు ముట్టిన గ్రామముల లెక్క నిక్కచ్చిగా దెలియవలెనన్న 1261 నాటి మల్కాపురపు శాసనము చూడవలెను. కృష్ణానది దక్షిణపు గట్టున గణపతిదేవుడు మందడము గ్రామమును ఇచ్చెదనని పలికియుండగా, ఆతని కూతురు రుద్రమదేవి ఆ మాట నిలిపి, వెలగపూడి గ్రామమును గూడ చేర్చి విశ్వేశ్వర శివాచార్యునకు ధారపోసెను. నేడు ఆంధ్రప్రదేశ్ సచివాలయమున్న వెలగపూడియే ఆ వెలగపూడి. ఈ రాబడితో గుడియు మఠమును మాత్రమేగాక ప్రసూతిశాల, ఆరోగ్యశాల, విద్యార్థుల పోషణ, అన్నసత్రము నడువవలెనని ఏర్పాటు. సత్రమున అన్ని కులములవారికిని అన్నము పెట్టవలెను. వేదములకు ముగ్గురు ఉపాధ్యాయులు, వ్యాకరణము, తర్కము, సాహిత్యము మొదలగు శాస్త్రములకు వేరుగా ఉపాధ్యాయులు, ఒక వైద్యుడు, ఒక కాయస్థుడు, అనగా లెక్కలు వ్రాయువాడు. ఏడువందల అరువదియేండ్లకు పైబడిన ఆ రాతిమీద నావంటి వానికి గూడ ఒక చోటు దొరకెనని చదివినప్పుడు నాకు గలిగిన సంతోషమును దాచజాలను.

ఇంత చక్కని ఏర్పాటు ఏల నిలువలేదు? ఈ ప్రశ్నకు జవాబు వెదకుటకు ఒకమారు సముద్రములు దాటి ఇంగ్లండు దేశమునకు పోవలసియున్నది. అచ్చటను నడిమి యుగమున మఠములే బడులు, మఠములే సత్రములు, మఠములే వైద్యశాలలు. చిన్నవి పెద్దవి కలిసి ఇంచుమించు ఎనిమిదివందలుండెను. పూజ లాటిన్ భాషలో జరిగెడిది. దున్నుకొను రైతునకు ఆ మాట అర్థము కాదు. ఎనిమిదవ హెన్రీ రాజు రోము నగరపు పోపుతో తెగదెంపులు చేసికొని, 1534లో ఇంగ్లండు చర్చికి తానే అధిపతినని శాసనము చేయించెను. మరుసటి యేడు, 1535లో, దేశములోని చర్చి ఆస్తుల రాబడి నంతయు లెక్క గట్టించెను. ఆ పట్టీ సిద్ధమైన వెంటనే 1536లో ఏటికి 200 పౌనులకు తక్కువ రాబడిగల మఠములను మూయుటకు చట్టము వచ్చెను. 1540 నాటికి పెద్దవియు మూతపడెను. భూములు మొదట రాజు పేరెక్కి, పిదప చాలభాగము కొనుగోలుదారులకును, కొలువువారికిని పోయెను. లెక్కపుస్తకము ఊరికి రక్షయు కాగలదు, ఊరికి ఉరియు కాగలదు. వ్రాయువాని చేతికంటె వ్రాయించువాని కోరికయే పెద్దది.

ఉత్తరపు జిల్లాల ప్రజలు 1536లో తిరుగబడిరి. మఠములు పోయిన బీదలకు భిక్ష పెట్టువారెవరని వారు మొరపెట్టుకొనిరి. ఆ తిరుగుబాటు అణచివేయబడెను, నాయకులు ఉరికంబమెక్కిరి. పుస్తకముల గతి మరియు శోచనీయము. చర్చి సంస్కరణను గట్టిగా కోరిన జాన్ బేల్ అను పండితుడే, మఠముల గ్రంథములు కిరాణా వర్తకులకును, సబ్బులమ్మువారికిని చిత్తుకాగితములుగా పోవుచున్నవని 1549లో వాపోయెను. మఠము పోవలెనని కోరినవాడు పుస్తకము పోయినందుకు ఏడ్చెను. గ్రంథాలయ సభ్యులు ఆతని దుఃఖమును తేలికగా నెరుగగలరు.

తెలుగునాట మఠముల ఆస్తిని ఏ రాజును ఇట్లు ఒక్క చట్టముతో మూటగట్టలేదు. ఇచ్చట నేల యట్లే యుండగా మీది పందిరి గుంజ విరిగెను. 1323లో ఓరుగల్లు ఢిల్లీ సేనల వశమై, ప్రతాపరుద్రుడు బందీ యయ్యెను. కాకతీయుల ప్రాపున పెరిగిన గోళకీమఠము ఆ పిదప తెలుగునాట వెనుకటి వైభవమును పొందలేదు. శైవము నశించెనా? లేదు. తరువాత వచ్చిన రెడ్డిరాజులు శ్రీశైలమునకు మెట్లు కట్టించిరి. నశించినది రాజు నొక్కని నమ్ముకొన్న ఏర్పాటు. దానితోపాటు ప్రసూతిశాలయు, ఆరోగ్యశాలయు పోయెను. ఆ నష్టమును తక్కువగా జూడరాదు.

ఇక మూడవ ప్రశ్న, భాష. మఠములు రాజధానుల నాశ్రయించి సంస్కృతమున శాసనములు వ్రాయించుకొనుచున్న కాలమునకు చేరువలోనే పాలకురికి సోమనాథుడు వేరొక త్రోవ త్రొక్కెను. పండ్రెండవ శతాబ్దిలో కన్నడదేశమున బసవేశ్వరుడును, తెలుగునాట మల్లికార్జున పండితారాధ్యుడును నడపిన భక్తిని, సోమనాథుడు బసవపురాణముగను పండితారాధ్య చరిత్రముగను ద్విపదలో చెప్పెను. ద్విపద రెండు పాదముల ఛందస్సు. దంచుచును విసరుచును పాడుకొనుటకు వీలైనది. ఆయన కథలలో చాకలి మడివాలు మాచయ్య గలడు, వేటకాడు కన్నప్ప గలడు, శివునికి తల్లి లేదని జాలిపడి తానే తల్లియైన బెజ్జ మహాదేవి గలదు. శాసనమున చోటు దొరకని వారికి ద్విపదలో పీట పడెను.

ఇంగ్లండులో ఇట్టి పనికి విలియం టిండేలు పూనుకొనెను. ఆతడు బైబిలు ఉత్తరభాగమును ప్రజల ఇంగ్లీషులోనికి మార్చి 1526లో జర్మనీదేశమున అచ్చువేయించెను. 1536లో ప్రాణములతో దాని వెల చెల్లించెను. రెండేండ్లకు రాజే ప్రతి చర్చిలోను ఇంగ్లీషు బైబిలు ఉంచుమనెను. 1549లో ప్రార్థన పుస్తకము ఇంగ్లీషులో వచ్చెను. 1553లో మేరీరాణి పాత మతమును మరల నెత్తెను. 1559లో ఎలిజబెత్తురాణి మరల మార్చెను. రాజులు మారినకొలది ఉత్తరువులు మారెను గాని, ప్రజల నోటికెక్కిన భాషను మాత్రము ఎవరును ఎల్లకాలము వెనుకకు త్రిప్పలేకపోయిరి.

ఇచ్చట ఒక మాట దాచరాదు. ప్రజలభాషలో చెప్పినంతమాత్రమున మతమునకు దయ అబ్బదు. బసవపురాణమున జైనులను ఓడించి అవమానించిన కథలు కలవు. ఇంగ్లండున మేరీ కాలమున సంస్కరణవాదులు మంటలపాలైరి. ఎలిజబెత్తు కాలమున పాతమతపు పూజారులు ఉరితీయబడిరి. నోటికెక్కిన మాట నిలుచును. మంచిమాటయు నిలుచును, చెడ్డమాటయు నిలుచును. ఏది నిలుపుకొనవలెనో ఎంచుకొనుట చదువుకొన్నవాని ధర్మము. మన తెలంగాణమున కొలనుపాకలో జైనుల గుడియు, వీరశైవుల సోమేశ్వరాలయమును నేటికిని ఒకే ఊరిలో పూజ లందుకొనుచున్నవి. ఆ ఊరు ఈ విషయమున మనకు మంచి పాఠము.

మన ఆర్మూరు సిద్ధులగుట్టను ఈ లెక్కకు చేర్చుడు. నల్లని బండల నడుమ నవనాథ సిద్ధుల పేర ఆ గుట్ట వెలసినది. సిద్ధులు తిరిగెడు సన్న్యాసులు. వారి పేరు నిలిచినది మొదట మనుష్యుల నోళ్లలో. పసుపు అమ్ముకొన వచ్చిన రైతు సంత పని ముగించుకొని గుట్టకు నమస్కరించి పోవుచున్నాడు. ఆ నమస్కారమునకు ఏ పట్టాదారు పుస్తకముతోను పనిలేదు.

అయిన మ్రొక్కు నిలిచినంత మాత్రమున ఆస్పత్రి నిలువదు, బడి నిలువదు, గ్రంథాలయము నిలువదు. వానికి రాబడి కావలెను. ఇంగ్లండువారు మఠములు పోయిన అరువదియేండ్లకు ఈ సంగతి దెలిసికొని, 1601లో ప్రతి ఊరివారు తమ బీదలకు తామే చందా పన్ను వేసికొనవలెనని చట్టము చేసిరి. మన భాగ్యనగరమున 1901లో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయమును నెలకొల్పినవారును ఒక దాతపై భారము మోపక సభ్యులను కూర్చుకొనిరి. అది నేటికిని నిలిచియున్నది.

మన గ్రంథాలయపు చందా పుస్తకమును ఈ కంటితో చూడుమని చదువరులను కోరుచున్నాను. అందు గొప్ప గొప్ప మొత్తములు లేవు; చిన్న మొత్తములు, పెక్కు పేర్లు ఉన్నవి. దాతలు దయతో ఇచ్చు గదికిని, బీరువాకును కృతజ్ఞులమై యుందము. కాని ఆ పేర్ల వరుస కురుచ కానీయరాదు. ఈ సంవత్సరపు చందా ఇంకను చెల్లింపవలసినవారు కొందరు గలరు. పట్టీ నా కడనే యున్నది. సాయంకాలము గ్రంథాలయము తెరచియుండునపుడు వచ్చి చెల్లించి, పోవునప్పుడు ఒక పుస్తకమును తీసికొనిపోవుదురుగాక.