గద్దర్: పాట ప్రజలది, మరి హక్కు ఎవరిది?

మా పొదిలి వైపు పలక అంటే రెండు వస్తువులు. ఒకటి మార్కాపురం రాతితో చేసే బడి పలక. రెండోది మాదిగ పల్లెలో చావుకూ జాతరకూ మోగే తోలు పలక, అంటే డప్పు. మొదటిది మన తాతల చేతికి రాకుండా అడ్డుపడ్డారు. రెండోది వద్దన్నా మెడలో వేశారు. ఊరు వెట్టిగా మోయించిన ఆ పలకను ధిక్కారపు గొంతుగా మార్చిన తరం ఒకటుంది. ఆ తరంలో అందరికీ తెలిసిన పేరు గద్దర్. ఆయన రాజకీయాల మీద చాలా రాశారు. పాటగాడిగా, బాణీకర్తగా ఆయన నడిచిన దారిని విద్యార్థుల కోసం, కార్యకర్తల కోసం ఇక్కడ ఒకచోట పెడుతున్నాం.

తూప్రాన్ నుంచి జన నాట్యమండలికి

గద్దర్ అసలు పేరు గుమ్మడి విఠల్ రావు. 1949లో మెదక్ జిల్లా తూప్రాన్‌లో దళిత కుటుంబంలో పుట్టారు. తల్లి లచ్చుమమ్మ, తండ్రి శేషయ్య. 1970ల మొదట్లో హైదరాబాదులో బి. నర్సింగరావు నడిపిన ఆర్ట్ లవర్స్ బృందంలో చేరారు. 'ఆపర రిక్షా' ఆ తొలినాటి పాటే. 1972లో జన నాట్యమండలి ఏర్పడింది. బ్రిటిష్ పాలన మీద తిరుగుబాటు కోసం 1913లో అమెరికాలోని భారతీయులు పెట్టుకున్న గదర్ పార్టీ పేరు ఆయన పాటల పుస్తకానికి వచ్చింది, తర్వాత ఆయనకే ఇంటిపేరులా అతుక్కుపోయింది.

1975లో కెనరా బ్యాంకులో గుమాస్తాగా చేరి, 1984లో రాజీనామా చేశారు. ఒక దళిత యువకుడు ఆ రోజుల్లో బ్యాంకు ఉద్యోగం వదులుకోవడం ఎంత పెద్ద సంగతో మన ఇళ్లలో వేరే చెప్పక్కర్లేదు.

1979లో గౌతమ్ ఘోష్ తీసిన 'మా భూమి'కి నర్సింగరావు నిర్మాత. అందులో బండి యాదగిరి రాసిన పాటను గద్దర్ తెర మీద పాడారు. తెలంగాణ సాయుధ పోరాట కాలం నాటి పాట అది. రాసిన మనిషి చనిపోయినా పాట జనం నోట బతికి, సినిమా దాకా వచ్చింది.

పాట కట్టే పద్ధతి

జన నాట్యమండలి పద్ధతి తేలికైనదే గానీ శ్రమతో కూడింది. నాట్లలో, బండి మీద, తిరగలి దగ్గర, ఒగ్గు కథలో, బుర్రకథలో జనం నోట ఉన్న బాణీని ముందు వినాలి. ఆ బాణీకి కొత్త మాట కట్టాలి. కట్టింది మళ్లీ జనం ముందే పాడి, వాళ్లకు నోరు తిరగని మాట తీసేయాలి. ఒకరు చరణం ఎత్తుకుంటే బృందం వంత పాడుతుంది, జనం పల్లవి అందుకుంటారు. గోచీ, గొంగడి, కాలి గజ్జెలు, చేతి కర్ర: ఖరీదైన వాయిద్యం ఒక్కటీ లేదు. మంట దగ్గర కాచి బిగువెక్కించిన డప్పు మీద చిర్ర, సిటికెన పుల్ల పడితే చాలు.

ఈ పాటలు ఊరూరా తిరిగింది క్యాసెట్ మీద. 1980ల్లో టేప్ రికార్డర్ పల్లెకు చేరాక, ఒక క్యాసెట్ నుంచి ఇంకో క్యాసెట్‌కు ఎక్కించుకుని పంచుకున్నారు. పెద్ద కంపెనీ, దుకాణం, ప్రకటన ఏవీ అక్కర్లేకపోయాయి.

కారంచేడు పాట

1985 జూలై 17న కారంచేడులో కమ్మ భూస్వాములు మాదిగ పల్లె మీద పడి ఆరుగురిని చంపారు. కారంచేడు అప్పుడు మన ప్రకాశం జిల్లాలోనే ఉంది. దాని మీద గద్దర్ కట్టిన 'దళిత పులులమ్మా' పాట రాష్ట్రమంతా పాకింది. చచ్చినవాళ్ల కోసం ఏడ్చే పాటగా కాక, ఎదురు నిలబడ్డవాళ్లను పులులని పిలిచే పాటగా దాన్ని కట్టారు. బాధితుడన్న మాట పక్కన పోరాడినవాడన్న మాట చేరింది. దళిత మహాసభ పుట్టిన కాలమూ అదే.

ఆ ఏడాదే గద్దర్ అజ్ఞాతంలోకి వెళ్లి, 1990 ఫిబ్రవరిలో బయటికి వచ్చారు. హైదరాబాదు నిజాం కాలేజీ మైదానంలో జరిగిన సభకు జనం పోటెత్తారు. 1997 ఏప్రిల్ 6న అల్వాల్‌లోని ఇంటి దగ్గర ఆయన మీద కాల్పులు జరిగాయి. ఒక తూటా తీయడానికి వీల్లేక వెన్నులోనే ఉండిపోయింది. ఆ తూటాతోనే మరో 26 ఏళ్లు ఆడారు, పాడారు.

1995 నాటి 'ఒరేయ్ రిక్షా' సినిమాలో అన్నాచెల్లెళ్ల పాటకు వచ్చిన నంది పురస్కారాన్ని వద్దన్నారు. 2011లో 'జై బోలో తెలంగాణ' సినిమాకు ఆయన రాసి పాడిన పాట తెలంగాణ ఉద్యమానికి గొంతయింది.

విమర్శ కూడా చరిత్రే. కులం కంటే వర్గాన్నే ముందు పెట్టారని దళిత ఉద్యమం నుంచి ప్రశ్నలు వచ్చాయి. చివరి ఏళ్లలో ఆయన గుళ్లకు వెళ్లడం చాలామందికి నచ్చలేదు. అదే కాలంలో ఆయన చేతిలో రాజ్యాంగం పుస్తకం ఉంది, నోట అంబేడ్కర్ పేరు ఉంది. 2018లో తొలిసారి ఓటు వేశారు. 2023 ఆగస్టు 6న కన్నుమూశారు. 1991లో చుండూరు మారణకాండ జరిగిన తేదీ కూడా అదే. తాను స్థాపించిన మహాబోధి విద్యాలయం ఆవరణలోనే ఆయన సమాధి ఉంది. 2025లో తెలంగాణ ప్రభుత్వం ఆయన పేరుతో తొలిసారి సినిమా అవార్డులు ఇచ్చింది.

షికాగోలో ఇంకో దారి

ఇదే కాలంలో అమెరికా నల్లజాతి సంగీతంలో కర్టిస్ మేఫీల్డ్ ఉన్నారు. 1942లో షికాగోలో పుట్టి, పేదల సర్కారు ఇళ్లలో, నాయనమ్మ చర్చి పాటల మధ్య పెరిగారు. ఇంప్రెషన్స్ బృందంతో ఆయన పాడిన 'పీపుల్ గెట్ రెడీ' 1965లో వచ్చింది. పౌరహక్కుల ఉద్యమం దాన్ని తన పాటగా చేసుకుంది. 1972లో 'సూపర్ ఫ్లై' సినిమా సంగీతంతో ఫంక్ బాణీలో మత్తుమందుల వ్యాపారాన్ని నిలదీశారు. బొంబాయిలో దళిత పాంథర్స్ పుట్టిందీ, మన దగ్గర జన నాట్యమండలి పుట్టిందీ ఆ ఏడాదే.

నల్లజాతి గాయకుల పాటలకు డబ్బు కంపెనీలకు పోయి, పాడినవాడికి చిల్లర మిగిలే రోజులవి. మేఫీల్డ్ చిన్న వయసులోనే తన పాటల హక్కులు తన చేతిలో పెట్టుకున్నారు. 1968లో కర్టమ్ అనే సొంత రికార్డు కంపెనీ పెట్టారు. గ్లాడిస్ నైట్, స్టేపుల్ సింగర్స్, అరెథా ఫ్రాంక్లిన్‌ల ఆల్బమ్‌లకు నిర్మాతగా పనిచేశారు. 1990లో బ్రూక్లిన్‌లో వేదిక మీద దీపాల చట్రం కూలి మెడ కింది నుంచి శరీరం చచ్చుబడింది. అయినా వెల్లకిలా పడుకుని, ఒక్కో వరుసా విడివిడిగా పాడి 1996లో ఆఖరి ఆల్బమ్ పూర్తి చేశారు. 1999 డిసెంబరు 26న చనిపోయారు.

ఒకరు పాటను జనానికి వదిలేశారు. ఇంకొకరు పాట మీద హక్కును గట్టిగా పట్టుకున్నారు. రెండూ ఆత్మగౌరవపు దారులే. ఉద్యమం ఉన్నచోట వదిలేసిన పాట ఉద్యమానికి చేరుతుంది. ఉద్యమం లేని బజారులో వదిలేసిన పాటను ఎవరో ఒకరు తమ పేరున రాసుకుంటారు.

మన పిల్లలకు తెలియాల్సినవి

ఇప్పుడు పల్లె పాట యూట్యూబ్‌లో ఉంది. కట్టింది ఒకరు, పాడింది ఒకరు, పలక కొట్టింది ఇంకొకరు. ఛానల్ మాత్రం వేరొకరిది. అందుకే చట్టంలోని నాలుగు మాటలు గుర్తుపెట్టుకోవాలి.

1957 కాపీరైట్ చట్టం ప్రకారం పాట రాయగానే హక్కు పుడుతుంది. రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు. ఆ హక్కు రచయిత బతికున్నన్నాళ్లూ, ఆ తర్వాత 60 ఏళ్లూ ఉంటుంది.

2012 సవరణ తర్వాత, పాటను రికార్డింగ్ కోసం రాసిచ్చినా రాయల్టీలో రచయిత, సంగీతకర్త వాటా పోదు. కాగితం మీద వదులుకున్నట్టు సంతకం పెట్టించుకున్నా ఆ సంతకం చెల్లదు.

పాడినవారికీ వాయించినవారికీ ప్రదర్శకుల హక్కు వేరుగా ఉంది.

తాతల నాటి బాణీ ఎవరి సొంతమూ కాదు. దానికి కొత్తగా కట్టిన మాట మాత్రం కట్టినవారిదే.

కాబట్టి పాట ఎక్కించేముందు తేదీ వేసి రాసి పెట్టుకోండి. వీడియో కింద రచయిత, గాయకుడు, పలక కళాకారుల పేర్లు పడాలని అడగండి. ఒప్పందం చదవకుండా సంతకం పెట్టొద్దు. బడి పలక మీద అక్షరం దిద్దుకున్నాం, తోలు పలక మీద దరువు నేర్చుకున్నాం. ఇక పాట కింద మన పేరు మనమే రాసుకోవాలి.