చార్లీకి ఎదురు నిలబడ్డ మనిషి: ఎరిక్ క్యాంప్‌బెల్

ఈ ఎపిసోడ్‌లో మనం మూకీల కాలం నాటి ఒక క్యారెక్టర్ ఆర్టిస్టు గురించి మాట్లాడుకుందాం. ఆయన పేరు ఎరిక్ క్యాంప్‌బెల్. పేరు చెబితే మీకు వెంటనే గుర్తు రాకపోవచ్చు. మనిషిని మాత్రం మీలో చాలామంది చూసే ఉంటారు. చార్లీ చాప్లిన్ పాత సినిమాల్లో కొండంత ఆకారం, పైకి లేచిన నల్లటి కనుబొమ్మలు, పెద్ద గడ్డం పెట్టుకుని, పళ్ళు పటపటా కొరుకుతూ చార్లీ వెంటపడే ఒకాయన ఉంటాడు చూడండి. ఆయనే ఈయన.

ఆయన సినిమా జీవితం సుమారు 20 నెలలు. అంతే. ఆ కాస్త కాలంలో చాప్లిన్ పక్కన చేసినవి 11 సినిమాలు. మూకీల్లో చాలా భాగం నశించిపోయాయి గానీ, అదృష్టం కొద్దీ ఈ 11 సినిమాలూ మిగిలాయి. అందుకే ఆయన పనితనం గురించి ఇవాళ మనం కళ్ళతో చూసి మాట్లాడుకోగలుగుతున్నాం.

క్యాంప్‌బెల్ 1880లో పుట్టాడు. స్కాట్లండ్‌లోని డనూన్ ఆయన సొంతవూరని చాలాకాలం అనుకున్నారు. తర్వాత పాత రికార్డులు తిరగేసినవాళ్ళు, కాదు, ఇంగ్లండ్‌లోని చెషైర్ ప్రాంతంలో పుట్టాడని తేల్చారు. నాటకాల మీదే బతికిన మనిషి. ఇంగ్లండ్‌లో ఫ్రెడ్ కార్నో అనే ఆయన నడిపిన కంపెనీలో పనిచేశాడు. మాటల అవసరం పెద్దగా లేకుండా, పడుతూ లేస్తూ, తన్నుతూ తన్నులు తింటూ జనాన్ని నవ్వించడం ఆ కంపెనీ విద్య. చాప్లిన్ కూడా అక్కడ తయారైనవాడే. అంటే ఇద్దరిదీ ఒకే బడి అన్నమాట.

1916లో చాప్లిన్ మ్యూచువల్ కంపెనీతో ఒప్పందం చేసుకున్నాడు. వారానికి 10,000 డాలర్ల జీతం. అది కాక ఒప్పందం మీద సంతకం పెట్టినందుకు మరో 1,50,000 డాలర్లు. దానికి బదులుగా 12 చిన్న సినిమాలు తీసివ్వాలి. అప్పుడు క్యాంప్‌బెల్ న్యూయార్క్‌లో నాటకాలు వేస్తున్నాడు. చాప్లిన్ అక్కడ ఆయన్ని చూసి తన బృందంలోకి తీసుకున్నాడు. ఆ 12 సినిమాల్లో ‘వన్ ఎ.ఎమ్.’ దాదాపుగా చాప్లిన్ ఒక్కడే నటించింది. మిగతా 11లోనూ క్యాంప్‌బెల్ ఉన్నాడు.

ఇక్కడ ఒక్క విషయం ఆలోచించండి. అవి రెండు రీళ్ళ సినిమాలు. ఒక్కొక్కటీ అరగంట లోపే అయిపోతుంది. మాట వినపడదు. మనిషి తల నుంచి కాళ్ళ దాకా కనపడేటంత దూరంలో కెమెరా ఉంటుంది. అలాంటప్పుడు ఎవరు బలవంతుడో, ఎవరిని చూసి భయపడాలో ప్రేక్షకుడికి చూసీ చూడగానే తెలిసిపోవాలి. చాప్లిన్ అయిదున్నర అడుగుల లోపు మనిషి. క్యాంప్‌బెల్ ఆరడుగుల నాలుగైదు అంగుళాలు. ఇద్దరూ పక్కపక్కన నిలబడితే చాలు, సగం కథ చెప్పినట్టే. మిగతా సగం ఆ కనుబొమ్మలు చెప్తాయి.

మరి లావూ పొడుగూ ఉంటే సరిపోతుందా? సరిపోదు. దీనికి మంచి సాక్ష్యం ఉంది. 1983లో కెవిన్ బ్రౌన్‌లో, డేవిడ్ గిల్ కలిసి ‘అన్‌నోన్ చాప్లిన్’ అనే డాక్యుమెంటరీ తీశారు. చాప్లిన్ వాడకుండా పక్కన పెట్టేసిన ఫిల్మును అందులో చూపించారు. ‘ది ఇమిగ్రెంట్’ సినిమాలో హోటల్ సర్వర్ వేషానికి మొదట హెన్రీ బెర్గ్‌మన్‌ను పెట్టి చాలా భాగం తీశారు. బెర్గ్‌మన్ కూడా భారీ మనిషే, మంచి నటుడే. కానీ ఆ సన్నివేశం పండలేదు. ఎందుకంటే ఆయన్ని చూస్తే భయం వెయ్యదు. చాప్లిన్ అదంతా తీసేసి, క్యాంప్‌బెల్‌తో మళ్ళీ తీశాడు.

ఇప్పుడు మనం చూసే సినిమాలో, బిల్లుకి పది సెంట్లు తక్కువైన ఒక మనిషిని సర్వర్లందరూ కలిసి చితకబాదుతారు. అది చూసిన చార్లీ జేబులో చిల్లర కోసం తడుముకుంటాడు. మనం నవ్వుతాం. నవ్వు తెప్పించేది చార్లీయే, కానీ ఆ నవ్వు వెనకున్న భయం క్యాంప్‌బెల్‌ది. చేతిలో చిల్లిగవ్వ లేనివాడు హోటల్లో కూర్చుని పడే హడలు అది. ఆ హడలు నిజంగా లేకపోతే హాస్యం కూడా లేదు.

‘ఈజీ స్ట్రీట్’లో ఆయన వీధి రౌడీ. చార్లీ కొత్తగా చేరిన పోలీసు. లాఠీతో ఎన్ని దెబ్బలు కొట్టినా ఆ రౌడీకి చీమ కుట్టినట్టయినా ఉండదు. తన బలం చూపించడానికి వీధి దీపం స్తంభాన్నే వంచేస్తాడు. అదే అదనుగా చార్లీ వీపు మీదికెక్కి, ఆ దీపంలో వాడి తల ఇరికించి గ్యాస్ తిప్పుతాడు. వాడు మెల్లగా సోలిపోతాడు. అంతటి మనిషి అలా సోలిపోవడంలో క్యాంప్‌బెల్ ఎక్కడా తొందరపడడు. చార్లీ గెలుపు మనకి నమ్మబుద్ధి కావడానికి కారణం ఆయన ఓడిపోయే తీరు. ‘ది రింక్’లో స్కేట్ల మీద పడతాడు, ‘ది క్యూర్’లో కట్టు కట్టిన కాలు తలుపులో ఇరుక్కుని విలవిల్లాడతాడు. ప్రతిసారీ దెబ్బ తినేది ఆయన, పేరు వచ్చేది హీరోకి. క్యారెక్టర్ ఆర్టిస్టు బతుకంటే అదే కదా.

ఇక 1917. ఆయన మంచి పనులన్నీ వస్తున్న ఏడాది, ఇల్లు కూలిపోయిన ఏడాది, రెండూ అదే. జూలైలో భార్య గుండెపోటుతో చనిపోయింది. ఆ దుఃఖంలో ఉండగానే, పదహారేళ్ళ కూతురిని కారు గుద్ది తీవ్రంగా గాయపరిచింది. సెప్టెంబరులో ఒక విందులో పరిచయమైన నటిని అయిదు రోజుల్లో పెళ్ళి చేసుకున్నాడు. రెండు నెలలు తిరక్కుండానే ఆమె విడాకులకి కోర్టుకెళ్ళింది. అక్టోబరులో విడుదలైన ‘ది అడ్వెంచరర్’లో చార్లీ చేత తన్నులు తింటూ లోకాన్ని నవ్వించిన మనిషి బతుకు తెర వెనక ఇలా ఉంది.

డిసెంబరు 20న లాస్ ఏంజిలెస్‌లో తాగి కారు నడుపుతూ ప్రమాదంలో చనిపోయాడు. వయసు 37 ఏళ్ళు. అస్థికలు తీసుకెళ్ళడానికి ఎవరూ రాలేదు. చివరికి 1952లో రోజ్‌డేల్ శ్మశానంలో పూడ్చారు. సరిగ్గా ఎక్కడ పూడ్చారో మాత్రం రాసి పెట్టుకోలేదు.

చాప్లిన్ తర్వాత ఇంకా గొప్ప సినిమాలు తీశాడు. 1925లో ‘ది గోల్డ్ రష్’లో మ్యాక్ స్వెయిన్ అనే మరో భారీ నటుడిని పెట్టుకున్నాడు. కానీ అందులో ఆయన చివరికి చార్లీ స్నేహితుడు. ఆ తర్వాత ‘మోడరన్ టైమ్స్’ దాకా వచ్చేసరికి చార్లీ ప్రత్యర్థి ఒక మనిషి కాదు, ఏకంగా ఫ్యాక్టరీయే. సినిమా తర్వాత సినిమా ఎదురు నిలబడే అలాంటి శత్రువు చార్లీకి మళ్ళీ దొరకలేదని నా అభిప్రాయం.

వీలు చూసుకుని ‘ఈజీ స్ట్రీట్’ మళ్ళీ ఒకసారి చూడండి. అరగంట కూడా పట్టదు. ఈసారి చార్లీని కాసేపు వదిలిపెట్టి ఆ రౌడీని చూడండి. లాఠీ దెబ్బ తగిలినప్పుడు ఆయన ఎంతసేపు కదలకుండా నిలబడతాడో గమనించండి. వచ్చే ఎపిసోడ్‌లో మళ్ళీ కలుద్దాం. సెలవు.