వి.వి. గిరిగారి రాజీనామా

ఆనేకల్ తాలూకాలోని బొమ్మసంద్ర, జిగణి పారిశ్రామికవాడలలో పనిచేయు తెలుగువారు వరాహగిరి వేంకట గిరిగారిని రాష్ట్రపతిగానే యెరుగుట సహజము. ఆయన 1965-67 నడుమ మైసూరు గవర్నరుగా కూడ నుండిరి.

1894లో బరంపురమున జనించి, రైల్వే కార్మికోద్యమమున పెరిగిన గిరిగారు 1926లో అఖిల భారత ట్రేడు యూనియను కాంగ్రెసునకు అధ్యక్షులైరి. 1952లో కేంద్ర కార్మికమంత్రియై, తగవులను నిర్బంధముగా ట్రిబ్యునళ్లకు ఒప్పగించుటకంటె ఉభయపక్షములును ఎదురెదురుగా కూర్చుండి మాటాడుకొనుటయే మేలని వాదించిరి. తీర్పు వలన ఒకరు గెలిచి యొకరు ఓడుదురు. ఓడినవారి కసి కార్ఖానాలోనే నిలుచును.

విచిత్రమేమన, ఆయన పదవి విడిచినది ట్రిబ్యునలు తీర్పు కొరకే! 1954లో బ్యాంకు ఉద్యోగుల విషయమున లేబరు అప్పిలేటు ట్రిబ్యునలు ఇచ్చిన తీర్పును ప్రభుత్వము మార్పగా, సమ్మతింపక రాజీనామా చేసిరి. ఇందు వైరుధ్యము లేదని నా తలంపు. సమ్మె మాని ట్రిబ్యునలు నాశ్రయింపుమని కార్మికునకు చెప్పు ప్రభుత్వము, తానే ఆ మాట దాటరాదు గదా. 1955లో గజేంద్రగడ్కరు కమిషను సిఫారసులపై ఆ తీర్పులో చాలభాగము చట్టమూలమున మరల అమలునకు వచ్చెను.