మానసిక గాయం – తెలుగు హారర్ చిత్రాలు

గతంలో తగిలిన దెబ్బ మనిషిని వెంటాడే తీరును భయానక కథగా చెప్పే చిత్రాలు తెలుగులో ఆలస్యంగా వచ్చాయి. దెయ్యాలకు మాత్రం ఎన్నడూ కొదవ లేదు. రామ్‌గోపాల్ వర్మ ‘రాత్రి’ (1992)లో హత్యకు గురైన స్త్రీ ఆత్మ రేవతి పోషించిన అమ్మాయిని పట్టుకుంటుంది. మాంత్రికుడు వదిలించడంతో కథ ముగుస్తుంది. మలయాళ ‘మణిచిత్రతాళ్’ (1993) వారసులుగా వచ్చిన ‘చంద్రముఖి’ (2005), ‘నాగవల్లి’ (2010) మాంత్రికుడి పక్కన మానసిక వైద్యుణ్ణి నిలబెట్టాయి. వైద్యుడు వచ్చినా పద్ధతి భూతవైద్యానిదే: ఒక్క రాత్రి తతంగంతో రోగం నయం. మానినట్టే ఉండి మళ్లీ తిరగబెట్టే గాయం ఈ చట్రంలో ఇమడదు.

ఆ తిరగబెట్టడాన్ని కథకు ఇరుసుగా చేసినవి రెండు చిత్రాలు. ప్రశాంత్ వర్మ ‘అ!’ (2018)లో పాత్రలన్నీ, బాల్యం నుంచి లైంగిక హింసకు గురైన ఒక స్త్రీ మనసులోనివేనని చివర తెలుస్తుంది. అశ్విన్ శరవణన్ తమిళ, తెలుగు భాషల్లో ఏకకాలంలో తీసిన ‘గేమ్ ఓవర్’ (2019)లో స్వప్న (తాప్సీ)పై అత్యాచారం జరిగి ఏడాది కావస్తుంది. చీకటి పడితే ఆమెకు ఊపిరాడదు. తేదీ దగ్గరపడే కొద్దీ పాత భయం ఒళ్లంతా మేలుకోవడం మనోవైద్యులు ఎరిగినదే. ఇది నగరాల జబ్బనీ, మన ఊళ్లకు పరాయిదనీ కొట్టిపారేయలేం. విజయనగరంలో గ్రామదేవత పైడితల్లి సిరిమానోత్సవం ఏటా దసరా తర్వాతి మంగళవారం జరుగుతుంది. 1757 బొబ్బిలి యుద్ధవేళ అన్న, విజయనగర రాజు విజయరామరాజు మరణవార్త విని ప్రాణం విడిచిన చెల్లెలే ఆ తల్లి అని స్థానిక కథనం. భక్తుల పండగను రోగంతో పోల్చడమేమిటన్న ఆక్షేపణ సబబే. పోల్చదగినది తేదీ తిరిగిరావడం ఒక్కటే. దుఃఖాన్ని వదిలించుకోకుండా ఏటా దానికో రోజు కేటాయించిన ఊరికి స్వప్న భయం అర్థం కాకపోదు.

గాయం ఒక్కరిదే కానక్కర్లేదు. కార్తీక్ దండు ‘విరూపాక్ష’ (2023)లో క్షుద్రపూజల నెపంతో ఊరివాళ్లు దంపతులను తగలబెడతారు. పన్నెండేళ్లకు వారి సంతానం పగ ఊరిని కబళిస్తుంది. చిల్లంగి (చేతబడి) పెట్టారన్న అనుమానంతో మనుషుల్ని చంపిన ఉదంతాలు ఉత్తరాంధ్ర మన్యంలో ఉన్నందున ఇక్కడి ప్రేక్షకుడు దీన్ని ఉత్త కల్పన అనుకోలేడు. చంపినవాళ్లనూ ఆ రాత్రి వదలదని చిత్రం గుర్తించింది. కానీ చేతబడిని కథలో నిజం చేసేసి, నాడు మంటపెట్టినవాళ్ల అనుమానానికే సగం బలం చేకూర్చింది. భయపెట్టాలంటే అతీతశక్తి తప్పదని దర్శకులు అనవచ్చు. ‘గేమ్ ఓవర్’లోనూ హత్యకు గురైన అమ్మాయి చితాభస్మం కలిసిన పచ్చబొట్టు ఉంది, కానీ అది ఎవరినీ చంపదు, స్వప్న చేతిమీద నొప్పి పెడుతుంది, అంతే.