రామప్పపంతులు నుండి శంకరశాస్త్రి దాక : జె. వి. సోమయాజులుగారి నటజీవితము

నటుల చరిత్ర వ్రాయబూనువానికి మొదట ఎదురగు చిక్కు సాక్ష్యమును గూర్చినది. చలనచిత్రము నిలుచును, నాటకము తెర పడుటతోడనే గతించును. ఉభయరంగములందు నటించినవారి విషయమున నిలిచినదే సర్వస్వమను భ్రాంతి కలుగుట సహజము. జొన్నలగడ్డ వేంకట సోమయాజులుగారి యెడ ఈ భ్రాంతి చాలవరకు స్థిరపడిపోయినది.

1980 ఫిబ్రవరి 2వ తేదీన కె. విశ్వనాథ్‌గారి 'శంకరాభరణం' విడుదలయగునాటికి ఆయన రెవెన్యూశాఖలో డిప్యూటీ కలెక్టరు. సినిమా ప్రేక్షకులలో పెక్కుమందికి అది క్రొత్త ముఖము. నాటకప్రియులకు మాత్రము కాదు. తమ్ముడు రమణమూర్తిగారు గిరీశముగను, తాను రామప్పపంతులుగను గురజాడవారి 'కన్యాశుల్కము'ను ఏండ్ల తరబడి ప్రదర్శించుచు వచ్చిరి. 1955లో ఆ నాటకము చిత్రరూపము దాల్చినపుడు రామప్పపంతులు పాత్రను సి. యస్. ఆర్. ఆంజనేయులుగారు ధరించిరి, అందుచేత నేడు పంతులనగానే మనకు స్ఫురించు రూపము ఆయనదే.

ఈ రెండు పాత్రలను ప్రక్కప్రక్కన నుంచి చూడవలెను. రామప్పపంతులు వ్యాజ్యములతో బ్రదుకువాడు; మధురవాణి నుంచుకొనియు ఆమె చేతిలో అడుగడుగున ఓడువాడు. శంకరశాస్త్రియో, వేశ్యాకుటుంబమున పుట్టిన తులసికి ఆశ్రయమొసగి లోకనిందకు గురియగువాడు. ఒకచోట పెద్దమనిషితనము పైపూత. వేరొకచోట అది స్వభావము. పైపూతను అన్నాళ్లు అభినయించి దాని లోగుట్టు నెరిగినందుననే స్వభావమును అంత నిరాడంబరముగ చూపగలిగెనని నా అభిప్రాయము. విగ్రహపుష్టి వలననే ఆ పాత్ర రక్తి కట్టెనను వాదమును నేనంగీకరింపజాలను.

గాత్రము సంగతియు చెప్పవలెను. 1979 సంవత్సరపు జాతీయ పురస్కారములు ఈ చిత్రమున సంగీతదర్శకులు కె. వి. మహదేవన్‌గారికిని, గాయకులు ఎస్. పి. బాలసుబ్రహ్మణ్యం, వాణీజయరాంగార్లకును లభించినవి, నటునకు లభింపలేదు. 1946 నాటి 'త్యాగయ్య'లో నాగయ్యగారు తామే పాడి, తామే నటించిరి. 1981లో బాపుగారి 'త్యాగయ్య'లో అదే పాత్ర ధరించిన సోమయాజులుగారు పరగాత్రమునకు తన ఊపిరిని కలుపవలసివచ్చెను. పాడని నటుడు పాడుచున్నట్లు నమ్మించుట తేలిక పని కాదు. మెడనరముల బిగువు, పాటకు ముందటి మౌనము, శిష్యునివైపు చూచు చూపు, ఇవియే ఆయన వాటా.

ఆపైన 'వంశవృక్షం' (1980), 'సప్తపది' (1981) వచ్చినవి. రెండవదానియందు ఆచారపరుడైన తాతగా తన నియమమును తానే సడలించుకొను ఘట్టము ఆయన నటనలో మేలైనది. తరువాత తెర ఆయనను ఎక్కువగా వృద్ధులు, పండితులు, మంత్రుల వేషములకే పిలిచినది. 'ఆదిత్య 369' (1991)లోని తిమ్మరుసు అట్టిదే. అందలి హాస్యనటుని అడిగినవారు అరుదు.

సోమయాజులుగారు 2004 ఏప్రిల్‌లోను, రమణమూర్తిగారు 2016లోను దివంగతులైరి. వారి 'కన్యాశుల్కము'ను కన్నులార చూచినవారు ఇంకను కొందరున్నారు, వారును వృద్ధులు. పరిశోధక విద్యార్థులు ముందు వారి యిండ్లకు పోవలెను, చిత్రములను తరువాత చూడవచ్చును.