షోలాపూర్‌లో మూడు రోజుల స్వరాజ్యం

నేత పనికి తెలంగాణ నుంచి షోలాపూర్ వచ్చి స్థిరపడ్డ మన ఇళ్లలో పిల్లలకు ‘చార్ హుతాత్మా’ విగ్రహాలంటే దారి చెప్పుకునే గుర్తు మాత్రమే. ఆ నలుగురు ఎవరో మనమే చెప్పాలి.

1930 మే 5న గాంధీగారిని అరెస్టు చేశారు. మిల్లులు ఆగిపోయాయి, జనం వీధుల్లోకొచ్చారు. మే 8న పోలీసులు కాల్పులు జరిపారు. రగిలిపోయిన జనం పోలీసు చౌకీలు, కోర్టు తగలబెట్టారు. పోలీసులు ఊరొదిలి పోయారు. 9 నుంచి 11 దాకా ఊరు నడిపింది కాంగ్రెస్ వాలంటీర్లే. రోడ్ల మీద రాకపోకలు చూసిందీ, కాపలా కాసిందీ వాళ్లే.

12న మార్షల్ లా వచ్చింది. గాంధీ టోపీ పెట్టుకున్నా నేరమే. ఊళ్లో మంటల కన్నా, తాము లేకుండా ఊరు నడవడమే దొరలకు ఎక్కువ మండిందని మేమనుకుంటాం.

పోలీసుల హత్య కేసులో మల్లప్ప ధనశెట్టి, జగన్నాథ్ షిండే, శ్రీకిసన్ సార్డా, కుర్బాన్ హుస్సేన్‌లను 1931 జనవరి 12న ఎరవాడ జైల్లో ఉరితీశారు. ఇళ్లలో మాటలు వేరు, మతాలు వేరు, ఉరికంబం ఒకటే.

ఆ నలుగురిలో తెలుగు పేరు లేదు. అయితేనేం, మనం మగ్గం పాతుకున్న ఊరు మన ఊరైతే, వాళ్లూ మనవాళ్లే.